పైనుంచి ఇంకా రాలేదు

రేవు వీధి

పిచ్చుకకి, నీ వదిన ఆశీస్సులతో.

మనం గెలిచాం. ఫోనులో చెబుదామంటే మీ అన్నయ్య వద్దన్నారు. "ఇలాంటివి కాగితం మీద ఉండాలి. అది పదిసార్లు చదువుకుంటుంది" అన్నారు. అందుకే బేకరీ నుంచి వస్తూనే రాయడానికి కూర్చున్నాను. గోళ్లలో పిండి ఇంకా వదల్లేదు.

జడ్జిగారు చదివిందంతా నాకు అర్థం కాలేదు. బయటికొచ్చాక లాయరుగారు విడమరిచి చెప్పారు. లాంచి మునిగింది చుక్కాని గొలుసు తెగడం వల్లేనట. ఆ గొలుసు అరిగిపోయిందని మీ అన్నయ్య ముందే చెప్పిన సంగతిని డిపార్టుమెంటు కాదనలేకపోయిందట. మనుషులందరినీ గట్టెక్కించి చివరికి తాను ఈదుకొచ్చిన సరంగుని, లాంచి నడిపే మనిషిని, విచారణ కూడా లేకుండా ఇంటికి పంపేయడం చెల్లదట. రెండు నెలల్లో మళ్లీ ఉద్యోగంలోకి తీసుకోవాలి. ఆ "తీసుకోవాలి" దగ్గర లాయరుగారు వేలితో గాలిలో కింద గీత గీసి చూపించారు.

మీ అన్నయ్య ఇంటికొచ్చే దారిలో రేవు దగ్గర దిగిపోయి, లాంచి ఇంజను డ్రైవరుతో చాలాసేపు మాట్లాడారు. నది ఈ రెండేళ్లలో ఇసుక ఎటు మేట వేసిందో అడిగి తెలుసుకున్నారు. "అవి తెలియకుండా పడవ ఇస్తే నేనేం చేసుకుంటాను" అన్నారు నాతో. మెట్లెక్కుతూ మధ్యలో ఆగి నీళ్లు చూస్తూ నిలబడ్డారు. ఈ మధ్య అలా ఆగడం అలవాటైంది ఆయనకి.

"కాగితం హెడ్డాఫీసుకే వెళ్తుంది. అక్కడ పిచ్చుక ఉందిగా, దారి తప్పదు" అని మూడు ఇళ్లవాళ్లకి చెప్పారు. నీ గొప్ప ఆయన నోటివెంట ఎప్పుడు విన్నామో చెప్పు.

నీ వదిన


హాస్టలు, రెండో అంతస్తు

వదినా,

నీ ఉత్తరం పదిసార్లు కాదు, లెక్క తప్పేదాకా చదివాను. నా గది సావాసగత్తె విసుక్కుని లైటు ఆర్పేసింది.

కోర్టు కాపీ మా ఆఫీసుకి వచ్చింది. ముద్ర వేసి తీసుకున్నాం. ఉద్యోగుల వ్యవహారాలు చూసే సెక్షను మాదే కాబట్టి ఫైలు నా బల్ల మీదికే వచ్చింది. అన్నయ్య పేరున్న ఫైలుకి నేను తాడు కట్టడం ఎలా ఉందో చెప్పలేను. వెంటనే నోటు రాసి పైకి పెట్టాను. డైరెక్టరుగారు సంతకం పెడితే చాలు, ఆర్డరు అచ్చయి రేవు ఆఫీసుకి వచ్చేస్తుంది.

నిన్న ఆయన నన్ను పిలిచారు. "ఈ సరంగు నీకేమవుతాడు?" అన్నారు. "అన్నయ్యండీ" అన్నాను. "మంచిది" అన్నారు. అంతే. ఆయన మంచిది అంటే ఏమిటో ఆఫీసులో ఎవరికీ తెలీదు, పెళ్లికార్డు ఇచ్చినా అదే అంటారు, సెలవు చీటీ చించేటప్పుడూ అదే అంటారు.

మీరు నిశ్చింతగా ఉండండి. మెట్ల మీద ఆగుతున్నాడంటే బరువు పెరిగి ఉంటాడు. నువ్వు బేకరీ నుంచి మిగిలిన కేకులు తేవడం మానెయ్.

నీ పిచ్చుక


రేవు వీధి

పిచ్చుకా,

గడువు దాటిపోయింది. నీకు తెలుసు, అయినా రాస్తున్నాను.

మీ అన్నయ్య రోజూ పొద్దున్నే చొక్కా వేసుకుని రేవు ఆఫీసుకి వెళ్తున్నారు. మేనేజరు మంచివాడే. కుర్చీ వేస్తాడు, టీ తెప్పిస్తాడు, "పైనుంచి ఇంకా రాలేదు సరంగుగారూ" అంటాడు. ఈయన "సరేనండీ" అని లేచి వస్తారు. ఒక్కరోజైనా గొంతు పెంచితే నాకు కాస్త ధైర్యంగా ఉండేది. మొన్న మేనేజరు ఈయన్ని చూసి లోపలి గదిలోకి వెళ్లిపోయాడట. "పాపం, ఆయనకీ మొహం చెల్లట్లేదు" అన్నారు, తానే ఏదో తప్పు చేసినట్టు.

లాయరుగారు కోర్టు ధిక్కారం కేసు వేద్దామంటున్నారు. కోర్టు చెప్పిన పని చేయనందుకు డైరెక్టరుగారి పేరు మీదే వేస్తారట. మీ అన్నయ్య ఒప్పుకోవట్లేదు. "ఆ డైరెక్టరు కిందే కదా అది పనిచేసేది. వేసి ఊరుకుంటే మనకేం, రేపు వాళ్ల మధ్య కూర్చోవాల్సింది అది" అంటున్నారు. నేను మాత్రం ఇంక ఆగలేను. ఎందుకు ఆగలేనో అడగకు. నిజం రాయి. వేస్తే నీకు ఇబ్బందా?

కిందటి వారం ఇద్దరం బస్సెక్కి నీ ఊరిదాకా వచ్చాం. చిన్న పనుండి వచ్చాం. నీకు ఆఫీసు వేళ అని చెప్పకుండానే తిరిగొచ్చేశాం. ఏమీ అనుకోకు.

వదిన


హాస్టలు

వదినా,

వేయండి. రేపే వేయండి.

నా నోటు మూడుసార్లు పైకి వెళ్లి మూడుసార్లూ కిందికి వచ్చింది. ప్రతిసారీ అంచు మీద ఆకుపచ్చ సిరాతో "మాట్లాడండి" అని ఉంటుంది. మాట్లాడదామని వెళ్తే మీటింగులో ఉంటారు. మీటింగు లేనప్పుడు భోజనంలో ఉంటారు. ఇప్పుడు ఫైలు ఆయన బల్ల మీదే ఉంది, పూలకుండీకి ఆన్చి. అటెండరు రోజూ దాని మీద దుమ్ము దులుపుతున్నాడు.

సరంగుని తిరిగి తీసుకుంటే గొలుసు మార్చకపోవడం డిపార్టుమెంటు తప్పని రాసిచ్చినట్టవుతుందని ఆయన బాధ. బయటికి అనరు.

నాకు ఏ ఇబ్బందీ లేదు. అన్నయ్యతో ఒట్టేసి చెప్పానని చెప్పు. ఊరిదాకా వచ్చి నన్ను చూడకుండా వెళ్లినందుకు మాత్రం ఇద్దరిమీదా కోపంగా ఉన్నాను.

పిచ్చుక


రేవు వీధి

పిచ్చుకా,

ఇది ఎలా మొదలుపెట్టాలో తెలియక రెండు కాగితాలు చింపాను.

కేసు వేశాక ఏం జరిగిందో నీకు ముక్కలు ముక్కలుగా ఫోనులో చెబుతూనే ఉన్నాను. మొదటి వాయిదాకి వాళ్ల లాయరు టైము అడిగాడు. రెండో వాయిదాకి నోటీసు అందలేదన్నాడు. మూడోసారి అందింది కానీ టైము కావాలన్నాడు. మీ అన్నయ్య వరండాలో కూర్చుని, వచ్చేపోయే నల్లకోట్లలో ఎవరు ఎవరి కింద పనిచేస్తారో నడకను బట్టి నాకు చెప్పేవారు. నవ్వుకున్నాం కూడా.

నిన్న డైరెక్టరుగారి తరపున ప్రమాణపత్రం ఇచ్చారు. లాయరుగారు మెట్ల దగ్గర నిలబడి చదివి వినిపించారు. కోర్టు మీద తమకు అపారమైన గౌరవం ఉందట. సెక్షను క్లర్కు కోర్టు కాపీని ఎక్కడో పెట్టి మరిచిపోవడం వల్ల ఆలస్యమైందట. ఆ క్లర్కు మీద చర్య తీసుకున్నారట.

"సెక్షను క్లర్కు అంటే?" అన్నారు మీ అన్నయ్య.

"ఎవరో ఆవిడ. మనకెందుకు సరంగుగారూ, మనం ఆ పేరా జోలికి వెళ్లకుండా ఊరుకుంటే వాళ్లు వారంలో ఆర్డరు ఇచ్చేస్తారు. వాళ్లకి కావలసింది బయటపడటమే" అన్నారు లాయరుగారు.

"ఆవిడ మా చెల్లెలండీ."

లాయరుగారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. మీ అన్నయ్య మెట్టు మీద కూర్చుండిపోయారు.

చర్య తీసుకోవడం అంటే ఏమిటి? ఎప్పుడు తీసుకున్నారు? మొన్న ఫోనులో నువ్వు ఆఫీసు నుంచే మాట్లాడుతున్నానన్నావే, అది ఎక్కడి నుంచి?

వదిన


హాస్టలు

వదినా,

సస్పెండు చేశారు. ఆ ప్రమాణపత్రం సంతకమైన రోజే. నెల దాటింది.

హాస్టల్లో ఎవరికీ చెప్పలేదు. రోజూ మామూలుగానే క్యారేజీ కట్టుకుని బయల్దేరి మునిసిపల్ లైబ్రరీలో కూర్చుంటున్నాను. మొన్న మాట్లాడింది అక్కడి వరండాలోంచి. వెనక వినపడ్డ ఫ్యాన్ల చప్పుడు ఆఫీసుదే అనుకుని ఉంటావు.

అంతకంటే చెప్పరానిది ఇంకొకటుంది. ఆ ప్రమాణపత్రం టైపు చేసింది నేనే. కేసు వేసిన కొత్తల్లో డైరెక్టరుగారు పిలిచి, "మీ అన్నకి నచ్చజెప్పి వెనక్కి తీసుకోమను, తర్వాత నేనే చూసి చేస్తాను" అన్నారు. నేను తలొంచుకుని నిలబడ్డాను. మూడో వాయిదా అయ్యాక నన్ను ఆయన గదిలో కంప్యూటరు ముందు కూర్చోబెట్టి తానే చెబుతూ టైపు చేయించారు. "సదరు సెక్షను క్లర్కు యొక్క నిర్లక్ష్యం వలన" అనే చోట నా వేళ్లు ఆగిపోయాయి. "ఏం, స్పెల్లింగు రావట్లేదా?" అన్నారు. వచ్చింది వదినా. ఒక్క తప్పు లేకుండా కొట్టాను.

ఎందుకు కొట్టానో కూడా చెబుతాను. ఆ అబద్ధంతో ఆయన బయటపడితే అన్నయ్యకి ఆర్డరు వచ్చేస్తుందని. లాయరుగారు చెప్పింది నిజం. ఆ పేరా అలాగే ఉండనివ్వండి. నేను ఒక్కదాన్ని, ఎక్కడో చోట టైపు చేసుకుని బతుకుతాను. అన్నయ్య నీళ్ల మీదకి వెళ్లకపోతే మనిషి మిగలడు. అది నీకూ తెలుసు, నాకూ తెలుసు.

దండం పెడుతున్నాను. వాయిదా రోజున ఏమీ మాట్లాడనివ్వకు.

పిచ్చుక


రేవు వీధి

పిచ్చుకా,

నీ ఉత్తరం ఆయనకి చదివి వినిపించాను. వద్దనుకున్నాను కానీ నా మొహం చూసి పట్టేశారు. మాట్లాడనివ్వకు అన్నావు. ఆయన్ని ఆపడం నా వల్ల ఎప్పుడైంది?

నిన్న కోర్టులో మన కేసు పిలవగానే లాయరుగారి కంటే ముందే లేచారు. "అయ్యా, ఒక్క మాట" అన్నారు. జడ్జిగారు చెప్పమన్నారు. "ఆ కాగితం ఎవరూ పోగొట్టలేదండీ. మూడుసార్లు పైకి వెళ్లింది, ఇప్పుడు డైరెక్టరుగారి బల్ల మీదే ఉంది. వాళ్లు తప్పు మోపిన క్లర్కు నా చెల్లెలు. నాకు ఉద్యోగం ఇవ్వకపోయినా పర్లేదు, ఆ మాట మాత్రం తీయించండి" అన్నారు. గొంతు పెంచలేదు. చేతులు మాత్రం ముందున్న కడ్డీని పట్టుకుని ఉన్నాయి.

జడ్జిగారు ఆయనకి కుర్చీ వేయమన్నారు. వచ్చే వాయిదాకి డైరెక్టరుగారు స్వయంగా రావాలని రాయించారు.

బయట లాయరుగారు తల పట్టుకున్నారు. వారంలో వచ్చేది ఇంకో నెలన్నరకి పోయిందన్నారు. కింద ఆయనే రాస్తానంటున్నారు, జాగా వదులుతున్నాను.

వదిన

పిచ్చుకా, నీ మీద బురద జల్లి నాకు పడవ ఇస్తే ఆ పడవ నేను నడపలేను. చుక్కాని పట్టుకున్నప్పుడల్లా నువ్వు గుర్తొస్తావు. ఎండలో లైబ్రరీకి నడిచి వెళ్లకు. ఇంటికి వచ్చెయ్. ఇక్కడ కూర్చుని చదువుకో. అన్నయ్య.


హాస్టలు

వదినా,

అన్నయ్య పోయిన ఇంట్లో నిన్ను ఒక్కదాన్నే వదిలి ఇక్కడికి రావడం తప్పే. సంజాయిషీ విచారణకి రమ్మని కాగితం రాకపోతే వచ్చేదాన్ని కాను. పెద్దకర్మ అయ్యేదాకానైనా ఉండాల్సింది.

అక్కడ జనం మధ్య అడగలేకపోయాను. ఇక్కడ అడుగుతున్నాను. అన్నయ్యని తీసుకెళ్లిన రోజు, వాకిట్లో చెట్టు కింద ఎవరో పెద్దాయన నన్ను పలకరించి తాను గుండె డాక్టరునన్నాడు. "ఆపరేషను ఆలస్యం చేయొద్దని ఎన్నిసార్లు చెప్పానమ్మా. కేసు తేలి ఉద్యోగం రాగానే డిపార్టుమెంటు ఆసుపత్రిలో చేయించుకుంటానన్నాడు. ప్రతి వాయిదా తర్వాతా అదే మాట" అన్నాడు. నాకు తెలుసనుకుని చెప్పాడు. నేను తెలిసినట్టే తలూపాను.

మీరు బస్సెక్కి ఈ ఊరు వచ్చింది ఆయన దగ్గరికేనా? మెట్ల మీద ఆగడం దానికేనా? నేను బరువు పెరిగాడని రాశాను. కేకుల గురించి వేళాకోళం చేశాను.

నాకెందుకు చెప్పలేదు వదినా? చెప్పి ఉంటే ఆ ఫైలు పూలకుండీ పక్కన అన్నాళ్లు ఉండనిచ్చేదాన్నా? చంకన పెట్టుకుని జడ్జిగారి ఇంటికే పోయేదాన్ని. అబద్ధం టైపు చేసేదాన్నా? ఏమీ తెలియకుండా నేనేదో త్యాగం చేస్తున్నాననుకున్నాను. నేను వేచి చూసిన ప్రతిరోజూ అన్నయ్య రోజే తరిగిపోయింది.

నీ మీద కోపంతో రాయట్లేదు. ఎవరి మీద కోపమో తెలియక రాస్తున్నాను.

పిచ్చుక


రేవు వీధి

పిచ్చుకా,

నీకు జవాబు రాయడానికి ఇన్నాళ్లు పట్టింది. క్షమించు.

మీ అన్నయ్య నా చేత ఒట్టు వేయించుకున్నారు. "దానికి తెలిస్తే ఫైలు పట్టుకుని జడ్జి దగ్గరికి పరిగెత్తుతుంది. దాని ఉద్యోగం పోతుంది. నా గుండె బాగు చేయడానికి దాని బతుకు పాడు చేయనా" అన్నారు. నువ్వు ఇప్పుడు రాసిన మాటే ఆయన అప్పుడు అన్నారు చూడు. మీరిద్దరూ ఒకరి గురించి ఒకరికి అంత బాగా తెలిసినవాళ్లు. చివరికి ఆ ఉద్యోగమూ పోయింది, ఆ గుండె కూడా పోయింది. ఒట్టు తీసి గట్టు మీద పెట్టి నీకు ఒక్క ముక్క రాసి ఉంటే, అని నేనూ పడుకోబోయే ముందు అనుకుంటూనే ఉన్నాను. నువ్వు నన్ను తిట్టు. మనసులో పెట్టుకోకు.

మొన్న వాయిదాకి వెళ్లాను. ఆయన స్థానంలో నా పేరు రాయించారు లాయరుగారు. డైరెక్టరుగారు వచ్చారు. నేను ఎప్పుడూ చూడలేదు కదా, పెద్ద భీకరంగా ఉంటారనుకున్నాను. మామూలు మనిషి. చెమటలు పట్టి మాటిమాటికీ జేబురుమాలు తీసుకుంటున్నారు. కాగితం చూసి చదివారు. బేషరతుగా క్షమాపణ చెబుతున్నానన్నారు. పునర్నియామక ఉత్తర్వు కూడా తెచ్చానన్నారు. అందులో మీ అన్నయ్య పేరు, ఆయన వారంలోగా విధుల్లో చేరాలని, చేరకపోతే ఉద్యోగం మీద ఆసక్తి లేనట్టు భావిస్తామని ఉంది. చనిపోయినట్టు వాళ్లకి తెలుసు. పాత నమూనా మార్చకుండా అచ్చు కొట్టించారంతే.

క్షమాపణ చెప్పేటప్పుడు ఆయన జడ్జిగారి వైపే తిరిగి ఉన్నారు. నేను పక్కనే నిలబడి ఉన్నాను. "మీరేమైనా చెబుతారా అమ్మా" అని జడ్జిగారు అడిగారు.

నేను ఏం అనుకుని వెళ్లానో అంతా మరిచిపోయాను. నోటికొచ్చింది అన్నాను. "ఈయన తప్పైందని ఇప్పుడు చెప్పారండీ. ఇంతకుముందు ఇచ్చిన కాగితంలో తప్పు మా ఆడపడుచుదని చెప్పారు. తప్పు ఆమెదైతే క్షమాపణ ఈయన ఎందుకు చెప్పాలి? ఈయనదైతే ఆమెని ఎందుకు ఇంట్లో కూర్చోబెట్టాలి? మా ఆయన ఉద్యోగం అడగలేదు, చివరిసారి ఇక్కడ ఆ మాట తీయించమనే అడిగారు."

జడ్జిగారు డైరెక్టరుగారిని ఆ పేరా వెనక్కి తీసుకుంటారా అని అడిగారు. తీసుకుంటానన్నారు. నీ సస్పెన్షను నాలుగు వారాల్లోగా ఎత్తేయాలని రాయించారు. క్షమాపణ అంగీకరించి కేసు మూసేశారు. డైరెక్టరుగారు వెళ్తూ నా వైపు చూడబోయి, గుమ్మం తగులుతుందన్నట్టు తల వంచుకుని వెళ్లిపోయారు.

ఆయన అడిగింది జరిగింది పిచ్చుకా. ఆయన లేరు కానీ జరిగింది. దాన్ని పట్టుకుని కాస్త అన్నం తిను.

వదిన


హాస్టలు

వదినా,

నువ్వు కోర్టులో అన్న మాటలు నాకు నీ ఉత్తరం కంటే ముందే తెలిశాయి. మా అటెండరు లైబ్రరీకి వచ్చి మరీ చెప్పాడు. ఆఫీసులో అందరూ గుసగుసగా మెచ్చుకుంటున్నారట. గట్టిగా ఎవరూ మెచ్చుకోలేదట.

నాలుగు వారాలు దాటి చాలా రోజులైంది. కిందటి సోమవారం ఆఫీసుకి వెళ్లాను. నా కుర్చీలో కొత్తమ్మాయి కూర్చుని ఉంది. పాపం, లేచి నిలబడింది. కోర్టు కాపీ వచ్చిందా అని అడిగితే ఇటూ అటూ చూసి, "పైకి పెట్టాను మేడం, ఇంకా రాలేదు" అంది. అంచు మీద ఏం రాసి వచ్చిందని అడగబోయి ఊరుకున్నాను. ఆ పిల్లని ఇబ్బంది పెట్టి ఏం లాభం? పోయిన ఏడాది నేను అచ్చం అలాగే నిలబడి ఉంటాను.

లాయరుగారు ఫోను చేశారు, మళ్లీ ధిక్కారం కేసు వేద్దామని. వద్దన్నాను. నాకు ఓపిక లేదు వదినా. కోర్టు ఎదురుగా ఒక కొట్లో టైపు పని దొరికింది. రోజంతా వకీళ్ల కాగితాలే. "అపారమైన గౌరవం", "బేషరతు క్షమాపణ" అన్న మాటలు ఎన్నిసార్లు కొడతానో, వేళ్లు చూడకుండానే వెళ్లిపోతున్నాయి. బాగానే ఉన్నాను. నువ్వు ఇంక ఆ మెట్లెక్కకు.

పిచ్చుక


రేవు వీధి

పిచ్చుకా,

బాగానే ఉన్నాను అని రాసిన చోట కలం ఒత్తి రాశావు. వెనక పక్కకి తేలింది.

లాయరుగారిని అడిగాను. ఆ ఆర్డరు నా కేసులో ఇచ్చిందే కాబట్టి ధిక్కారం కేసు నేనే వేయొచ్చట. నిన్న వెళ్లి సంతకం పెట్టి వచ్చాను. నువ్వు వద్దన్నావని తెలుసు. నీ మాట కాదన్నందుకు కోప్పడు. మళ్లీ టైము అడుగుతారు, నోటీసు అందలేదంటారు, డైరెక్టరుగారు మళ్లీ చెమట తుడుచుకుంటూ చదువుతారు. చదవనీ. నేను ఉంటాను. బేకరీలో పొద్దుటి పని మానుకుని సాయంత్రం పనికి మారాను, వాయిదాలన్నీ పొద్దునే కదా.

హాస్టలు ఖాళీ చేసి రమ్మని నేను అడగను. నీకు రావాలనిపించినప్పుడు రా. కానీ ఒక్కటి. మనిద్దరం ఇక ఒకరి దగ్గర ఒకరం ఏమీ దాచుకోవద్దు. దాచుకుని ఏం బావుకున్నాం? ముందు నేనే మొదలుపెడుతున్నాను. నాకు కుడి మోకాలు నొప్పిగా ఉంది. మెట్లు దిగేటప్పుడు ఎక్కువ. పొద్దుటిపూట చేతులు తిమ్మిరెక్కుతున్నాయి. రెండుసార్లు పొయ్యి మీద పాలు పెట్టి మరిచిపోయాను. ఆదివారం చాలాసేపు ఏడ్చాను.

ఇప్పుడు నీ సంగతి రాయి.

వదిన